పెరటి లెక్కలు: సెంటు నేలలో ఇరవై రెండు మొక్కలు

(పెరటి సందేహాలకు విజయనగరం లెక్కల టీచరమ్మ జవాబులు)

ప్రశ్న: టీచరుగారూ, శ్రీకాకుళంలో ఊరి చివర కొత్తగా ఇల్లు కట్టుకుని మార్చిలో పాలు పొంగించాం. ఇంటికి ఉత్తరం వైపు పెరడు. తూర్పు పడమరలు 24 అడుగులు, ఇంటి గోడ నుంచి ప్రహరీ దాకా 18 అడుగులు. మేస్త్రీలు వదిలేసిన సిమెంటు పెళ్ళలు, ఇటుక ముక్కలు, వాటి మీద జానెడు మట్టి. పెళ్ళికని వెళ్ళి కడియం నర్సరీల మీదుగా వస్తూ మనసాగక ఇరవై రెండు మొక్కలు కొనేశాం. పదకొండు నాటితే ఆరు మాడిపోయాయి. మిగతా పదకొండూ కవర్లలోనే ఉన్నాయి. మా ఆయనకి సువర్ణరేఖ మామిడి కావాలి. అత్తగారికి తులసికోట, పారిజాతం కావాలి, ఈశాన్యంలో మాత్రం చెట్టు వద్దంటారు. నాకు కూరగాయలు కావాలి. ఎక్కణ్ణుంచి మొదలెట్టాలి?
— ఒక పాఠకురాలు, శ్రీకాకుళం

జవాబు: అమ్మాయ్, ఆఖర్న చెయ్యాల్సిన పని ముందు చేసేశావు, అంతే. తోటపనిలో మొక్కలు కొనడం చిట్టచివరిది. నిన్ను దెప్పుతున్నాననుకోకు. 2009లో మేం ఈ ఇంట్లోకి వచ్చినప్పుడు నేను వ్యాను మాట్లాడుకుని మరీ ముప్ఫై తెచ్చాను. పిల్లలకి నిష్పత్తులు చెప్పే మనిషిని, పంతొమ్మిది చచ్చాక గానీ కాగితం తీసి లెక్క వెయ్యలేదు.

ముందు ఆ కవర్ల సంగతి చూడు. పదకొండింటినీ మెట్ల కిందో తూర్పు వరండాలోనో ఒకదానికొకటి ఆనించి గుంపుగా పెట్టు. పొద్దున్నే ఒక్కోదానికి చెంబుడు నీళ్ళు. రోహిణీ కార్తె వెళ్ళి మృగశిరలో రెండు మంచి వానలు పడేదాకా వాటి జోలికి వెళ్ళకు.

చచ్చిన ఆరింటిలో ఒకదాన్ని పెరికి చూడు. వేళ్ళ చుట్టూ బంకమట్టి ముద్ద ఉంటుంది. దాన్ని రాతి మీద కొట్టి పగలగొట్టు. లోపల పొడిపొడిగా ఉంటే, నువ్వు రోజూ పోసిన నీళ్ళు ఆ ముద్దలోకి వెళ్ళనే లేదన్నమాట. చుట్టూ ఉన్న గుల్ల మట్టిలోంచి కిందికి జారిపోయాయి. పైన చూస్తే తడి, లోపల మొక్కకి దాహం. రేపు నాటేటప్పుడు కవరు కోసి, ముద్దని బకెట్టు నీళ్ళలో ముంచు. బుడగలు బుడబుడమని వస్తాయి. అవి ఆగేదాకా ఉంచి, పైకి తీసి, పై పొరని వేళ్ళతో మెల్లిగా విదిలించి, అప్పుడు గోతిలో పెట్టు. అంటు మొక్కయితే అంటు కట్టిన చోటు మట్టికి పైనే ఉండాలి. సాయంత్రం పూటే నాటాలి. ఈ ఒక్క బకెట్టు సంగతి తెలియక నేను పోగొట్టుకున్న డబ్బుతో ఓ పట్టుచీర వచ్చేది.

ఇప్పుడు అసలు లెక్క. నీ పెరడు ఉత్తరాన ఉంది. ప్రస్తుతం మధ్యాహ్నం అక్కడ నిలబడితే మాడు పగిలిపోతోంది కదా? దాన్ని చూసే ‘మాకు ఎండకేం లోటు’ అనుకుని ఉంటావు. ఈ ఎండ మోసం చేస్తుంది. మే నెల నడిమికి సూర్యుడు సరిగ్గా మన నెత్తి మీదికొస్తాడు, తర్వాత ఇంకాస్త ఉత్తరానికి జరుగుతాడు. అందుకే ఇప్పుడు ఉత్తరపు గోడక్కూడా ఎండ తగులుతోంది. డిసెంబరులో చూడు. మన శ్రీకాకుళం, విజయనగరాలు సుమారు 18 డిగ్రీల అక్షాంశం మీద ఉన్నాయి. డిసెంబరు ఆఖర్న మధ్యాహ్నం 12 గంటలకి సూర్యుడు దక్షిణాన 48 డిగ్రీల ఎత్తుకే వస్తాడు. అప్పుడు గోడ ఎత్తు 10 అడుగులైతే నీడ దాదాపు 9 అడుగులు. పిట్టగోడతో కలిపి మీ ఇల్లు 14 అడుగులుంటుందనుకుందాం, నీడ 12 అడుగులు దాటుతుంది. పొద్దుటా సాయంత్రం ఇంకాస్త పొడుగు. నీకున్నదే 18. అంటే శీతాకాలంలో నికరంగా ఎండ తగిలేది ప్రహరీ వారన ఆరడుగుల పట్టీకే. రేపు మీద అంతస్తు వేస్తే ఆ ఆరడుగులూ పోతాయి. ఆ ఆలోచన ఉందేమో మీ ఆయన్ని ఇప్పుడే అడుగు.

టమాటా, వంగ, చిక్కుడు, బంతి, చామంతి వీటి జోరంతా కార్తీకం నుంచి మాఘం దాకా. అవన్నీ ఆ ఆరడుగుల్లోనే సర్దుకోవాలి. ఇంటి వారనున్న 12 అడుగులు ఎండాకాలం, వానాకాలం పంటలకీ, నీడకి ఓర్చుకునే వాటికీ.

మట్టి సంగతికొస్తే, ఆ సిమెంటు పెళ్ళలు ఏరించెయ్యి. ‘మట్టి కప్పేస్తే ఎవరికి తెలుస్తుందమ్మా’ అంటాడు కూలివాడు. మొక్కకి తెలుస్తుంది. సిమెంటు, సున్నం ఉన్న చోట మట్టికి క్షారగుణం వస్తుంది. లేతాకులు ఈనెలు మాత్రం పచ్చగా ఉండి మధ్యలో పసుపుపచ్చగా పాలిపోతాయి. మట్టిలో ఇనుము ఉన్నా వేరు తీసుకోలేదు. అప్పుడు ఎన్ని మందులు కొట్టినా దండగే. పెరడంతా తవ్వించక్కర్లేదు. మడులు వచ్చే చోటా, చెట్లు వచ్చే చోటా అడుగున్నర లోతు తీయించు చాలు.

తీశాక ఒక పరీక్ష. అడుగు లోతు గొయ్యి తీసి నిండా నీళ్ళు పొయ్యి. ఇంకిపోయాక మళ్ళీ నింపు. రెండోసారి పోసింది మర్నాటి పొద్దుటికీ నిలిచే ఉంటే అక్కడ చెట్టు పెట్టకు, ఎత్తు మడులు కట్టుకో. గంటలో మాయమైతే గత్తం, అదే పశువుల ఎరువు, ఎక్కువ కావాలి. ఇంకొకటి, తొలి వాన పడ్డప్పుడు గొడుగేసుకుని పెరట్లో నిలబడు. నీళ్ళు ఎటు పారుతున్నాయి, ఎక్కడ మడుగు కడుతున్నాయి, డాబా గొట్టం నుంచి ఎంత పడుతోంది చూడు. వెయ్యి చదరపుటడుగుల డాబా మీద ఒక్క సెంటీమీటరు వాన కురిస్తే సుమారు 900 లీటర్లు. అది మడి మీద పడితే విత్తనాలు పక్కింటికి పోతాయి. ఇంకుడు గుంత తవ్వి దాన్లోకి మళ్ళించు.

ఇక గీత గియ్యడం. గ్రాఫు కాగితం మీద గడికి అడుగు చొప్పున 24కి 18 గీసుకో. 432 చదరపుటడుగులు, అంటే సెంటుకి పిసరు తక్కువ. మొదట వెయ్యాల్సినవి మొక్కలు కావు. పెరటి గుమ్మం, కుళాయి, అంట్లు తోమే చోటు, సెప్టిక్ ట్యాంకు మూత, బట్టలారేసే తీగ. ఇవి వేశాక మిగిలినదే తోట. కాగితం మీద కుదిరాక దాన్ని నేల మీద ముగ్గుపిండితో గీసేసి, వారం రోజులు ఆ దారుల్లోనే తిరుగు. నిండు బకెట్టు పట్టుకుని తిరుగు, తడిబట్టల గంప చంకనేసుకుని తిరుగు. నేను గీసినప్పుడు పక్కింటావిడ గోడ మీంచి చూసి ‘ఏటండీ టీచరుగారూ, ఏ పండగొచ్చింది, ఇంత ముగ్గేసినారు?’ అంది. మూడోనాటికి నా ముగ్గు నాకే అడ్డమొచ్చింది. కుళాయికీ గుమ్మానికీ మధ్య నేను గీసిన దారి వంకర తిరుగుతోంది, నా కాళ్ళు మాత్రం తిన్నగా మడిలోంచి పోతున్నాయి. కాళ్ళ మాటే విని గీత మార్చాను.

నీ కొలతలకి నేనైతే ఇలా వేస్తాను. ఉత్తరపు ప్రహరీకి ఆనించి రెండున్నర అడుగుల మడి, 18 అడుగుల పొడవు. గోడకి ఆనిన మడి అంతకంటే వెడల్పుంటే చెయ్యందదు. దాని మీద పందిరి. ఆనప, బీర, చిక్కుడు పాదులన్నీ అక్కడే. ఎత్తుగా పెరిగేవి ఉత్తరాన ఉంటే వాటి నీడ గోడవతలికి పోతుంది, మిగతా మొక్కల మీద పడదు. దాని ముందు రెండడుగుల దారి. దారికి ఇవతల నాలుగడుగుల మడి, రెండు వైపుల నుంచీ చెయ్యి రెండేసి అడుగులు అందుతుంది కదా. ఈ మడిలో దారి వైపు వంగ, టమాటా, మిరప. ఇంటి వైపు సగం శీతాకాలం నీడలో పడుతుంది, పడనీ. అక్కడ ఈ జూన్లో పసుపు, అల్లం పెట్టు. వానాకాలమంతా ఎండ తిని పెరిగి, నీడ ముంచుకొచ్చే వేళకి వాటి పని అయిపోతుంది. పుష్యమాసానికి ఆకు పండిపోయి ఒరిగిపోతుంది, తవ్వుకోవడమే. సంక్రాంతికి పెరట్లో పచ్చిపసుపు కొమ్ము తవ్వి చేత్తో విరిస్తే వచ్చే వాసన ఏ పొట్లంలోనూ దొరకదు.

రెండు మడులకీ అడుగు మందం మట్టి కావాలంటే 117 ఘనపుటడుగులు. అందులో రెండు వంతులు ఎర్రమట్టి, ఒక వంతు గత్తం. ట్రాక్టరు లోడు ఎర్రమట్టి తెప్పిస్తే చాలు, మిగిలింది చెట్ల గోతులకి సరిపోతుంది. గత్తం మాత్రం గుప్పిట్లోకి తీసుకుని చూసి కొను. చల్లగా ఉండాలి, పొడిపొడిగా రాలాలి, పేడ వాసన రాకూడదు. వెచ్చగా ఉందంటే ఇంకా మాగలేదు. మాగని గత్తం ఎర్రమట్టిలో వేస్తే చెదలకి విందు పెట్టినట్టే. తెల్లగా బొటనవేలంత పురుగులు చుట్ట చుట్టుకుని కనిపిస్తే ఏరి కోళ్ళకెయ్యి. వాటిలో కొబ్బరి మొవ్వు తొలిచే కొమ్ము పురుగు పిల్లలుండొచ్చు. నీకు కొబ్బరి లేకపోయినా పక్కింటివాళ్ళకి ఉండి ఉంటుంది.

పడమటి వైపు మిగిలిన ఆరడుగుల్లో రెండే రెండు చెట్లు. వాయవ్య మూల జామ, దానికి పదడుగులు ఇవతల పారిజాతం. వేసవిలో పొద్దు వాయవ్యం వైపే వాలుతుంది కాబట్టి ఆ మండే సాయంత్రపు ఎండని అవి అడ్డుకుంటాయి. శీతాకాలం నైరుతి వైపు వాలుతుంది, అప్పుడు వీటి వల్ల మడులకి నష్టం లేదు. గోతులు రెండడుగుల ఘనంలో ఇప్పుడే తవ్వించి రోహిణి ఎండకి వదిలెయ్యి. ఈశాన్యంలో తులసికోట, దాని పక్కన బంతో కనకాంబరమో. మీ అత్తగారి మాట ఎందుకొచ్చిందో నాకు తెలీదు గానీ, లెక్క ప్రకారం కూడా అదే సరి. అక్కడ చెట్టు లేస్తే లేతెండ పోతుంది. ఈ ఒక్క విషయంలో ఆవిడతో గెలిచే అవకాశం నీకు లేదు, అవసరమూ లేదు. గుమ్మం దగ్గర, అంట్ల నీళ్ళు పారే చోట రెండు పొట్టి రకం అరటి పిలకలు, నీడలో పుదీనా, చేమ. కరివేపాకు తూర్పు వారన.

మామిడి మాత్రం కాదు. సువర్ణరేఖ నాకూ ప్రాణమే, మన వైపు పుట్టిన పండు. కానీ పదేళ్ళకి కొమ్మలు పాతికడుగులు పరుచుకుంటాయి, నీ పెరడు పద్దెనిమిది. మీ ఆయనకి ఈ తీసివేత చూపించు. ఏప్రిల్ ఆఖర్న రెండు బుట్టలు కొనిపెట్టమను.

మునగ ఎందుకు చెప్పలేదో కూడా విను. మా మునగ 2014 అక్టోబరు 12న, హుద్‌హుద్ తుఫాను రోజున, నీళ్ళ ట్యాంకు గొట్టం మీద పడింది. మునగ కర్ర పెళుసు. ఊళ్ళో కరెంటు లేదు, ఉన్న ట్యాంకు నీళ్ళు గొట్టం విరిగి పోయాయి. నూతి నీళ్ళు తోడుకోవడం మర్చిపోయిన చేతులు మళ్ళీ నేర్చుకున్నాయి. పెట్టాలనుకుంటే ఏటా ఛాతీ ఎత్తుకి నరికేసుకోవాలి. లేకపోతే ఎదురింట్లో చెట్టుంటుంది, అడిగితే కాయలిస్తారు.

కడియం మొక్కల్లో ఈ పటంలో చోటు లేనివి ఉంటాయి, నాకు తెలుసు. ఆరో ఏడో మిగులుతాయి. ఎవరికైనా ఇచ్చెయ్యి.

ప్రశ్న: ఫిబ్రవరిలో పందిరి చిక్కుడు పెట్టాను. పందిరంతా కమ్మేసింది, ఒక్క పువ్వు లేదు. యూరియా కూడా వేశాను. విత్తనం మంచిది కాదంటారా?
— బొబ్బిలి నుంచి ఒక పాఠకుడు

జవాబు: విత్తనం మంచిదే బాబూ, తారీఖు మంచిది కాదు. మన నాటు పందిరి చిక్కుడు పగటి పొడుగు చూసి పూస్తుంది. జూన్లో మనకి పగలు 13 గంటలు దాటుతుంది, డిసెంబరులో 11 గంటలే. పగలు కురచవుతున్న కొద్దీ దానికి పూత బుద్ధి పుడుతుంది. ఫిబ్రవరిలో పెట్టావు కాబట్టి రోజురోజుకీ పగలు పెరుగుతూ పోయింది. అది ఆకులేసుకుంటూ కూర్చుంది. పైగా యూరియా ఒకటి! ఆకు మీదున్న దానికి ఆకు మందే వేశావు. ఇంక వెయ్యకు.

ఆషాఢంలో కొత్త గింజలు పెట్టు. కార్తీకం నుంచి పూత మొదలై పుష్య మాఘాల్లో కోసుకోలేనంత కాస్తుంది. రథసప్తమికి చిక్కుడుకాయలకి పుల్లలు గుచ్చి రథం చేసి, చిక్కుడాకుల్లో పరమాన్నం పెడతాం కదా. ఆ పూట అరసవల్లి వెళ్ళే దారి పొడుగునా ఏ దొడ్డి చూసినా చిక్కుడు పాదే. మా అమ్మ పగటి గంటలు లెక్కపెట్టిన మనిషి కాదు, కానీ రథసప్తమి నుంచి వెనక్కి లెక్కేసి గింజ పెట్టేది. ఎండాకాలం కూడా చిక్కుడు కావాలంటే పందిరి అక్కర్లేని కురచ రకాలు అడుగు, వాటికి ఈ పట్టింపు లేదు.

ప్రశ్న: ఆనపపాదుకి పిందెలు వేలెడంత అయ్యి పసుపుపచ్చబడి రాలిపోతున్నాయి. ఏ పురుగూ కనబడదు.
— చీపురుపల్లి నుంచి ఒక పాఠకురాలు

జవాబు: పురుగు లేకపోవడమే జబ్బు తల్లీ. ఆనప పువ్వు సాయంత్రం విచ్చుకుంటుంది, దాని మీదికి రావాల్సినవి రాత్రి తిరిగే రెక్కల పురుగులు. వీధి దీపాల మధ్య అవి తగ్గిపోయాయి. దీపాలు పెట్టే వేళ పాదు దగ్గరికి వెళ్ళు. కాడ కింద చిన్న పిందె ఉన్నది ఆడపువ్వు, ఉత్త కాడ ఉన్నది మగపువ్వు. మగపువ్వు కోసి, రేకులు వెనక్కి విరిచి, మధ్యలో పుప్పొడిని ఆడపువ్వు మధ్య బొట్టు పెట్టినట్టు అద్దు. ఒక మగపువ్వు రెండు మూడింటికి వస్తుంది. బీరకీ ఇదే వేళ. గుమ్మడికి మాత్రం తెల్లారగట్ల.

ప్రశ్న: మాది సోంపేట దగ్గర, సముద్రానికి దగ్గర. అంతా ఇసుక. ఎన్ని నీళ్ళు పోసినా పోసినట్టు ఉండదు. తిత్లీ తుఫానులో ఉన్న కొబ్బరిచెట్లు పోయాయి. మళ్ళీ మొదటి నుంచి తోట వెయ్యాలి.
— ఒక ఉద్దానం రైతు

జవాబు: అన్నయ్యా, నేల సంగతి నాకంటే మీకే ఎక్కువ తెలుసు. 2018 అక్టోబరు తర్వాత పలాస మీదుగా ఒకసారి ప్రయాణం చేశాను. రైలు కిటికీలోంచి చూసి ఆ రోజు అన్నం తినలేకపోయాను. మీరు అడిగారు కాబట్టి ఇంటి పెరటి మటుకు చెబుతాను.

ఇసుకలో నీళ్ళు నిలబెట్టే సరుకు మీ ఇంటి వెనకే గుట్టగా ఉంది, కొబ్బరి డొప్పలు. గోతి అడుగున వాటిని గుంట పైకి వచ్చేలా, గిన్నెలు పేర్చినట్టు పేర్చి, పైన మట్టి వెయ్యండి, మళ్ళీ ఒక వరస పేర్చండి. బోర్లా పెడితే నీళ్ళు జారిపోతాయి. వేసవిలో చెరువు ఎండినప్పుడు ఒండ్రుమట్టి దొరికితే తట్టల కొద్దీ కలపండి. పాదుల మీద నాలుగు వేళ్ళ మందం జీడాకు పరవండి. నీళ్ళు ఒకేసారి బకెట్టు కాకుండా పొద్దుట సగం, సాయంత్రం సగం. బోరు నీళ్ళు పోసిన చోట ఆరాక తెల్లటి పొర కడుతుంటే అది ఉప్పు. అప్పుడు కూరగాయలకి వాననీళ్ళు పట్టి ఉంచుకోక తప్పదు.

సముద్రం వైపు ముందు సరుగుడు వరస, దాని ఇవతల గన్నేరు. అవి రెండేళ్ళు ఎదిగాకే వాటి చాటున సపోటా, నిమ్మ, కూరపాదులు. ఈ రెండేళ్ళు ఆగడమే కష్టం, అప్పటిదాకా తోటకూర, గోంగూర లాంటివి చల్లుకోండి. కొబ్బరి మళ్ళీ పెడితే చెట్టుకీ చెట్టుకీ 25 అడుగులు వదలండి, ఇంటి కప్పు మీదికి వాలేంత దగ్గర వద్దు.

ప్రశ్న: టీచరుగారూ, అద్దె ఇల్లు మాది. మల్లె పెట్టుకోవాలని ఉంది. ఎప్పుడు ఖాళీ చెయ్యమంటారో తెలీదు. పెట్టొచ్చా?
— విజయనగరం నుంచి మీ పూర్వ విద్యార్థిని

జవాబు: పెట్టవే. నేలలో కాదు, పాత సిమెంటు గోలెం ఒకటి చూసుకుని, అడుగున బెజ్జం ఉందో లేదో చూసి, దాన్లో పెట్టు. రోజుకి ఆరేడు గంటలు ఎండ తగలాలి. మార్గశిరంలో నీళ్ళు తగ్గించి, సంక్రాంతికి ముందు మోకాలి ఎత్తుకి కత్తిరించి, ఆకంతా దూసేసి గత్తం వెయ్యి. వేసవికి మొగ్గలు నువ్వే చూస్తావు. ఇల్లు మారాల్సి వస్తే రెండు రోజుల ముందే నీళ్ళు ఆపు. తడిసిన గోలెం లారీ ఎక్కించడానికి నలుగురు కావాలి, ఆరిందైతే ఇద్దరు సరిపోతారు.